తనిఖీనాటి సున్నం

ఎర్రచెల్మ ఊర్ల అండాలు ఇంటికి పోవాలంటే ముందుగాల బయటి బండ మీద కాళ్లు కడుక్కోవాలె. కడుక్కున్నంక ఆమె ఒకసారి మడిమెలు సూస్తది. నచ్చకుంటే మల్ల కడుక్కోవాలె. పోస్టుమ్యాన్ గూడ కడుక్కునేటోడు. ఒకపారి ఓట్లు అడగనీకి వచ్చిన పెద్దమనిషి, "గిప్పుడే కారు దిగిన గదమ్మా, నా కాళ్లకు మట్టెక్కడిది?" అన్నడు. "కారు కడిగి ఎన్ని దినాలైంది?" అన్నది అండాలు. ఆయన చెప్పులిడిసి కడుక్కున్నడు. ఆమె ఆయనకు ఓటేసిందో లేదో గిప్పటిదాంక ఎవ్వలకు తెల్వది.

అసలు ఆ ఇంట్ల అంత సూడనీకి ఏముంది? ముంగట సోప, సోపల గుంట మగ్గం, ఎన్క రెండు అర్రలు, మీద పెంకలు. గోడలు మట్టియే. పెద్దల ఆస్తి గాదు. అండాలు, ఆమె పెనిమిటి నరహరి పదిహేనేండ్లు చీరలు నేసి కట్టుకున్నరు. గోడలకు మట్టి తొక్కింది అండాలే. అందుకే ఆ గోడల మీద ఒక్క గీత పడ్డా ఆమె ఒంటి మీద పడ్డట్టే. ఏడాదికి రెండుమార్లు సున్నం ఏస్తది, కింద జానెడు ఎర్రటి జాజు పట్టీ గీస్తది, ఆ పట్టీ మీద తెల్లటి చుక్కలు పెడ్తది. నరహరి తక్కువ మాట్లాడే మనిషి. ఇద్దరు మాట్లాడితే ఇనేటోళ్లు ఎవలుంటరని ఆయన పెండ్లయిన కొత్తలనే ఊకున్నడు.

తెలంగాణ వచ్చిన రెండేండ్లకు, ఊరి ఎన్కున్న గొర్లగుట్ట కాడికి కంకర మిషిన్ వచ్చింది. గుట్టకు బొక్కలు పెట్టి మందు కూరి పేలుస్తరు, ఆ రాళ్లను మిషిన్ల ఏసి కంకర చేస్తరు. దినాం మూడు గొట్టంగ సైరన్ కూస్తది, ఎంబడే ధడేల్‌మంటది. గుంటల కాళ్లు పెట్టుకొని నేసేటోనికి భూమి కదిలింది అందరికన్న ముందుగాల తెలుస్తది. నరహరి పాదాలకు జర్రున పాకేది, గోడలకు నెర్రెలు పడేటియి, మగ్గం మీద పోగులు పుటుక్కు పుటుక్కున తెగేటియి. తెగిన పోగులన్నీ అతుక్కునేసరికి పొద్దుమీకేది. మర్నాడు మల్ల మూడు గొట్టేది.

ఇగ దుమ్ము సంగతి చెప్పనే వద్దు. పొద్దుగాల వాడకట్టు పొడుగూత పడుగు చాపి, పోగులు గట్టివడాలని గంజి పెడ్తరు గద. ఆ తడి గంజి మీద కంకర దుమ్ము పడి ఆరితే పడుగంత ఉప్పుకాయిదం అయితది. నేసేటోని చేతులు గీసుకపోతయి. దినాం నాలుగుమార్లు ఊడ్చే అండాలు ఎనిమిదిమార్లు ఊడ్చింది, పన్నెండుమార్లు ఊడ్చింది, ఆఖరికి ఒకనాడు చీపురు పట్టుకొని సక్కగ క్రషర్ ఆఫీసుకు పోయింది. కొట్టనీకి గాదు.

"నువ్వే వచ్చి ఊడువు," అని మేనేజర్ టేబుల్ మీద చీపురు పెట్టింది.

ఆ మేనేజర్ పేరు రఘుపతి. మాటల్ల పంచదార పోసుకొని తిరిగే మనిషి. "అక్కా, ఫికర్ చేయకు. మాది అంత కానూన్ ప్రకారం. పర్మిషన్ కాయిదం పక్కా ఉన్నది," అని ఫైలు తీసి సూపెట్టిండు.

"అండ్ల ఏం రాసుంది?"

"అయిదు వందల మీటర్ల లోపల ఇండ్లు లేవని రాసుందక్కా."

అండాలు ఎన్కకు మర్రి సూసింది. ఆడికెంచి తన ఇంటి పెంకలు ఒకటి, రెండు, మూడు అని లెక్కపెట్టొచ్చు. "మరి గవేంది? పాముల పుట్టలా?" అన్నది.

రఘుపతి గూడ సూసిండు. "కాయిదంల అయితే లేవక్కా," అన్నడు నెమ్మదిగ.

గీ మాటకు అండాలుకు అరికాలి మంట నెత్తికెక్కింది. కట్టుకున్న ఇల్లు లేదంటడా! ఆ సోమారమే నల్లగొండ బస్సెక్కింది. కలెక్టరాఫీసుల ప్రజావాణికి దరఖాస్తు పెట్టింది. మల్ల సోమారం పోయింది. ఆ తర్వాత సోమారం గూడ పోయింది. ఆడ బల్ల ఎన్క కూసునే గుమాస్తా ఆమెను దూరంకెంచే గుర్తుపట్టి మొఖం ఫైల్ల పెట్టుకునేటోడు. ఒకనాడు ఆయనే, "గోడలు పగిలినయంటున్నవ్ గదమ్మా, ఫోటోలు తీస్కరా," అన్నడు.

అండాలు ఫోటో తీయించింది. దేవరకొండకెంచి ఫోటోగ్రాఫర్‌ను పిలిపించి, నరహరి నేసిన మెరూన్ చీర కట్టుకొని, తలల పూలు పెట్టుకొని, గోడకు ఆనుకొని నిలవడ్డది. ఆమె సరిగ్గ ఎక్కడ నిలవడ్డదంటే నెర్రె మీద నిలవడ్డది.

గుమాస్తా ఆ ఫోటోను అటు తిప్పి ఇటు తిప్పి సూసిండు. "పగుళ్లెక్కడున్నయమ్మా?"

"నా ఎన్కున్నయ్."

"మరి జరుగొద్దా?"

"నలుగురు సూసే ఫోటోల పగిలిన గోడ ఎట్ల పెడ్తం సారూ!"

ఏం జెప్పాలె గిసొంటి మనిషికి. ఒక దిక్కు గోడలు పగిలినయని సర్కారుకు చెప్పాలె, ఇంకో దిక్కు ఆ గోడలు ఎవ్వలూ సూడొద్దు. పక్కింటి నర్సింగమ్మ తన ఫోన్ల నెర్రె ఫోటో తీయబోతే, "నా ఇజ్జత్ తీయనీకి నీకు నేనే దొరికిన్నా?" అని ఫోన్ గుంజుకున్నది. దినాం సాయంత్రం నెర్రెల మట్టి కూరి, పైకెంచి సున్నం పూసి, ఏం గానట్టు ముంగిట్ల కూసునేది.

గట్ల మూడేండ్లు నడిచింది. నాలుగో ఏడు క్రషర్ లీజు అయిపోవస్తాంది. వాళ్లు మల్ల పదేండ్లకు ఇయ్యమని దరఖాస్తు పెట్టిండ్రు. పెడితే పెట్టిండ్రు, దాంతోని పాటు ఇండ్ల దిక్కు ఇంకో పన్నెండెకరాలు కలపమన్నరు. ఆ పన్నెండెకరాల హద్దు అండాలు ఇంటెన్క గోడ కాడ ఆగుతది. అది వస్తే మగ్గం నడవదు, ఇల్లు నిలవదు. ఇంకో ఇల్లు కట్టుకునే వయసు వాళ్లకు లేదు. అండాలుకు యాభై ఎనిమిది, నరహరికి అరవై మూడు.

శ్రావణంల ఒక సోమారం పంచాయతి కార్యదర్శి వచ్చి చెప్పిండు. "అండాలమ్మా, నీ దరఖాస్తులు పనిచేసినయ్. బేస్తారం నాడు గనుల శాఖకెంచి మేడం వస్తాంది. ఇండ్లు సూస్తది, దూరం కొలుస్తది. ఆమె రాసే రిపోర్టు మీదనే లీజు ఇచ్చుడా, ఇయ్యకపోవుడా తేల్తది. మల్ల మల్ల రారు, జర యాది పెట్టుకో."

అండాలు చెవుల ఏం పడ్డది? సర్కారోళ్లు ఇంటికి వస్తున్నరని పడ్డది. మిగిలిందంత గాలికి పోయింది.

"బేస్తారమా? నడిమిట్ల రెండు దినాలే!" అని కొంగు నడుముకు దోపింది.

ఇగ సూడాలె ఆ వాడకట్టు. చెరువు మట్టి తెచ్చిండ్రు, పొట్టు కలిపి తొక్కిండ్రు. సున్నం నానబెట్టిండ్రు. అండాలు ఇంటింటికి పోయి, "సర్కారోళ్ల ముంగట మన పద్మశాలోళ్ల ఇజ్జత్ పోవద్దు. నర్సింగమ్మా, నీ దర్వాజ పక్కపొంటి నెర్రెల పిల్లి దూరేటట్టున్నది, ముందుగాల అది పూడువు!" అని దగ్గరుండి చేయించింది. పన్నెండిండ్లు, ఒక్క గీత కనవడకుండ, ఆడికాడికి నున్నగ అయినయ్. నిచ్చెన మీద నరహరి చేత సున్నం ఏయించుకుంట కిందికెంచి అండాలు ఒకటే అరుసుడు.

"అది గాదే అండాలూ..." అన్నడు నరహరి నిచ్చెన మీదికెంచి.

"ఆ మూలకు ఇంకో చెయ్యి ఏయి."

"నేను జెప్పేది ఏందంటే, వాళ్లు వచ్చేదే..."

"మాటలు తర్వాత. సున్నం ఎండిపోతాంది."

ఆయన ఇంకో చెయ్యి ఏసిండు.

బేస్తారం పొద్దుగాల జీపు వచ్చింది. దిగింది ఒక్కతే ఆడమనిషి, పేరు సంధ్య. ముప్పై ఏండ్లు ఉంటయేమో. ఎండకు నల్లవడ్డ మొఖం, భుజానికి సంచి, చేతిల అట్టకు పెట్టిన కాయిదాలు. ఆమె ఎన్క రఘుపతి ఇస్త్రీ చొక్కాతోని దిగిండు. ఆ దినం సైరన్ లేదు, దుమ్ము లేదు. గుట్ట మీద నెమళ్లు అరుస్తున్నయ్. క్రషర్ దిక్కు సూస్తే మనుషులు ఉపాసమున్నట్టు మిషిన్లన్నీ నోరు మూసుకొని నిలవడ్డయ్.

వాడకట్టు తెల్లగ మెరుస్తాంది. ప్రతి ఇంటి ముంగట ముగ్గు, దర్వాజలకు మామిడాకులు. సంధ్య మేడం ఒక ఇల్లు సూసింది, రెండో ఇల్లు సూసింది, చెయ్యి పెట్టి గోడ తడిమింది. అండాలు ఇంటికి వచ్చేసరికి ఆమె మొఖంల పరేషానీ కనవడ్డది.

"ఇండ్లు చాన బాగున్నయి," అన్నది.

అండాలు పొంగిపోయింది. "మీ దయ మేడం. చాయ్ తీస్కోండ్రి."

"మేడం, నేను ముందుగాలే జెప్పిన," అని రఘుపతి చేతులు కట్టుకున్నడు. "గిసొంటి ఇండ్లు మా అత్తగారి ఊర్ల గూడ లేవు. గీ గోడలకు ఏమన్న అయిందంటే ఎవలన్న నమ్ముతరా?"

మేడం నిట్టూర్చి కాయిదం మీద రాస్తాంది. అండాలు చాయ్ పట్టుకొని పక్కనే నిలవడి, "ఏం రాస్తున్నరు మేడం?" అన్నది, మంచి మాటే రాస్తాంది అనుకొని.

"ఉన్నదే రాయాలె గదమ్మా. గోడలకు ఎటువంటి నష్టం కనిపించలేదు, అని."

చాయ్ గిలాసల చాయ్ ఒలికి అండాలు చేతి మీద పడ్డది. కాలింది గూడ తెల్వలే. అప్పుడు గుర్తొచ్చింది, మేడం ఎందుకొచ్చిందో. మూడేండ్ల సోమారాలు, ఎక్కిన బస్సులు, గుమాస్తా ముంగట నిలవడ్డ నిలవడుడు, అంత తన చేతితోని తానే సున్నం పూసి కప్పేసింది. నరహరి దిక్కు సూసింది. ఆయన నిచ్చెన మీదికెంచి చెప్పబోయిందంత ఇప్పుడు ఆమెకు ఇనవడ్డది.

"ఆగున్రి మేడం! నెర్రెలున్నయ్. నేనే పూడ్చిన!"

"ఎందుకు?" అన్నది మేడం, నిజంగనే సమజ్ గాక.

"మీరొస్తున్నరని!"

రఘుపతి పకపక నవ్విండు. "ఇన్నరా మేడం? సాక్ష్యాలకు సున్నం ఏస్తరట!"

అండాలు మూలకున్న పార తీసింది. నిన్ననే ఆరిన, పాలమీగడసొంటి గోడ అది. ఒకపారి దాన్ని సూసింది. కండ్లు మూసుకొని ఏసింది ఒక్క దెబ్బ. సున్నం పెచ్చు జాజు పట్టీ మీద రాలింది. అమ్మా అని తనే అరిసి, మల్ల ఏసింది. కొట్టుకుంట ఏడ్సింది, ఏడ్సుకుంట కొట్టింది. మోకాలెత్తు కాడికెంచి దూలం దాంక నెర్రె బయటపడ్డది, చెయ్యి పడ్తదేమో అన్నంత.

రఘుపతి నవ్వు తగ్గింది గని మాట తగ్గలే. "పారతోని కొడితే ఎవలి గోడన్న పగుల్తది మేడం. గిది గిప్పుడు మన కండ్ల ముంగట చేసిన నెర్రె."

ఆ మాట మేడంకు గూడ ఎక్కినట్టే ఉంది. దగ్గరికి పోయి నెర్రెల కలం దూర్చింది. కలం కొసకు చిక్కుకొని పసుపుపచ్చ దారాల ఉండ ఒకటి బయటికొచ్చింది.

"ఇదేంది?"

"తెగిన పోగులు మేడం. మగ్గం కాడ ఏదీ పారేయం. ఒట్టి మట్టి కూరితే రాల్తది, అందుకే దారాలు కలిపి కూరుత."

"పసుపుపచ్చవే ఎందుకు?"

"గిప్పుడు మగ్గం మీద పసుపుపచ్చ చీరలున్నయ్ గద."

మేడం కలం ఇంకా లోపలికి పెట్టి గుంజింది. ఆకుపచ్చ ఉండ వచ్చింది. "గిది?"

నరహరి దగ్గరికొచ్చి కండ్లద్దాలు పెట్టుకొని సూసిండు. "ఆకుపచ్చ పోయినేడు చేనేత సొసైటీ వాళ్లు ఇచ్చిన పని. ఉగాదికెంచి దసరా దాంక నేసిన."

ఆకుపచ్చ ఎన్క మెరూన్ వచ్చింది. "అది అంతకుముందేడు." మెరూన్ ఎన్క నీలం. "అది క్రషర్ వచ్చిన ఏడు." నెర్రె ఏటేటా ఎంత ఎడల్పయితే అంత దారం. సొసైటీ పుస్తకంల ఏ రంగు ఏ నెలల నేసిండో తారీఖులతోని సహా ఉన్నదని నరహరి చెప్పిండు. గంత పొడుగు మాట ఆయన నోటికెంచి వచ్చి చాన ఏండ్లయింది.

మేడం చేతి మీద నాలుగు రంగుల ఉండలు వరుసగ పెట్టుకున్నది. "నీలం ఎన్క ఏముంది?"

"ఏం లేదు మేడం," అన్నది అండాలు. "అంతకుముందు నెర్రె లేకుండె."

రఘుపతి ఏదో అనబోయిండు. "జర ఆగున్రి," అన్నది మేడం. రాసిన కాయిదాన్ని నడిమికి గీత కొట్టి కొత్త కాయిదం తీసింది. పంచనామా రాయాలె, ప్రతి ఇల్లు సూడాలె అన్నది.

గప్పుడు మొదలైంది అసలు లొల్లి. పార భుజాన ఏసుకొని వస్తున్న అండాలును సూసి, నర్సింగమ్మ తన గోడకు అడ్డంగ చేతులు చాపి నిలవడ్డది. "మొన్న నువ్వే ఏయమంటివి, గియ్యాల నువ్వే పలగ్గొడ్తనంటివి. నీకేమన్న గాలి సోకిందా పిల్లా? రెండు దినాలు నా నడుములు ఇరిగినయ్!"

"వదినె, నీ కాళ్లు మొక్కుత, జర జరుగు."

"నువ్వు జరుగు. నా గోడ నేనే కొట్టుకుంట!" అని నర్సింగమ్మ పార గుంజుకున్నది. పొద్దు నడినెత్తికి వచ్చేసరికి పన్నెండిండ్లల్ల ఒకటే ధబధబ. క్రషర్ బంద్ పెట్టిన దినమే ఊర్ల గంత చప్పుడు, గంత దుమ్ము లేసుడు అదే మొదలు. ఆ తర్వాత మేడం టేపు పట్టించింది. రఘుపతి ఆఫీసు గేటు కాడికెంచి కొలవమన్నడు. "పేలేది గేటా, గుట్టనా?" అని మేడం గుంత అంచు కాడికి పోయింది. టేపు అండాలు ఎన్కగోడ కాడికొచ్చి నూట అరవై మీటర్ల కాడ ఆగింది. కాయిదంల లేని ఇల్లు ఆ దినం కాయిదంలకు ఎక్కింది.

నెలకు ఉత్తరువు వచ్చింది. లీజు సంగతి తేలేదాంక పేలుడు బంద్. సంతోషమే. గని కింద ఇంకో ముచ్చట రాసుంది. విచారణ అయిపోయేదాంక గోడలు ఉన్నది ఉన్నట్టు ఉంచాలె, ఎవ్వలూ మట్టి గాని సున్నం గాని పెట్టొద్దు. క్రషరోళ్లకు పడ్డ శిక్ష కన్న గిది పెద్ద శిక్ష అని అండాలు వారం దినాలు అన్నం సరిగ్గ తినలే. దసరా వచ్చింది. ఊరంత సున్నాలు ఏసుకున్నది, ఆ వాడకట్టు తప్ప. బతుకమ్మ ఆడనీకి పోయి, "మా ఇంటికి మాత్రం రాకున్రి," అని అందరికి చెప్పొచ్చింది.

సరిగ్గ గప్పుడే దిగిండు రఘుపతి. చేతిల రంగుల పుస్తకం. "అక్కా, పాత ముచ్చట్లు మర్సిపోదం. పన్నెండిండ్లకు సిమెంటు ప్లాస్టర్, పైన రంగులు, అంత మా కంపెనీ చేయిస్తది. రేపే మేస్త్రీలను పంపుత. నీ ఇల్లు ముందుగాల."

విచారణ అయిపోనీకి ఇంకా పది దినాలుంది. ఆ సంగతి రఘుపతికి ఎర్క, అండాలుకు గూడ ఎర్క. అయినా ఆమె చెయ్యి పుస్తకం మీదికి పోయింది. లేత చిలుకపచ్చ కాడ ఆగింది. సచ్చేదాంక సిమెంటు గోడ కలలనే సూస్తననుకున్న మనిషి ఆమె.

"గిది నీళ్లు పెట్టి తుడిస్తే పోతదా?"

"పోదక్కా! పదేండ్లు గ్యారంటీ!"

"దుమ్ము పట్టదా?"

"పట్టినా గుడ్డతోని తుడిస్తే పోతది."

అండాలు పుస్తకం మూసి ఆయన చేతుల పెట్టింది. "దుమ్ము పడ్తదనే అంటున్నవ్ గద నాయినా. ముందుగాల మీ మిషిన్ పీక్కపో. అది పోయిన తెల్లారి మేమే ఏసుకుంటం."

ఆయన పోయినంక దర్వాజ ఏసుకొని, "ఎంత మంచిగుండె ఆ చిలుకపచ్చ!" అని వెక్కి వెక్కి ఏడ్సింది. నరహరి మగ్గం దిగి వచ్చి పక్కన కూసున్నడు.

దీపావళి పోయినంక తేలింది. లీజు ఇయ్యలే, పన్నెండెకరాలు ఇయ్యలే. మాఘంల మిషిన్ విప్పి లారీలకెక్కించిండ్రు. ఆఖరి లారీ ఊరు దాటకముందే అండాలు సున్నం నానబెట్టింది.

గంతటితోని అయిపోయిందనుకుంటరు. కాలే. మల్ల సోమారం అండాలు నల్లగొండ ప్రజావాణిల కనవడ్డది. గుమాస్తాకు చెమట పట్టింది. "ఇంకేమైందమ్మా? క్రషర్ పోయింది గద!"

"పోయింది సారూ. గని మీ కాయిదాలల్ల నా ఇల్లు నెర్రెలు బాసిన ఇల్లు అని ఉన్నది. ఎన్నేండ్లన్నా గట్లనే ఉంటది గద? మా ఇల్లు మల్ల తనిఖీ చేయాలె."

గుమాస్తా దరఖాస్తు తీస్కోలే. గిసొంటి దానికి తన రిజిస్టర్ల ఖానా లేదన్నడు. మల్ల సోమారం పోయింది, అప్పుడూ లేదన్నడు. ఈ ముచ్చట ఆ నోట ఈ నోట సంధ్య మేడం దాంక పోయిందట. ఒక ఐతారం బస్సు దిగి, సంచి లేకుండ, జీపు లేకుండ, ఒక్కతే నడుచుకుంట వచ్చింది.

అండాలు ఆగమాగమైంది. మేడం ఇల్లంత తిరిగింది. ఎన్క గోడ, పక్క గోడ, సోప, దూలం కింద గూడ తల వంచి సూసింది. నెర్రె ఉన్న జాగా ఏదో ఆమెకు గూడ దొరకలే. కూసొని చాయ్ తాగి, కాయిదం అడిగింది. నరహరి సొసైటీ పుస్తకంల కాయిదం చింపి ఇచ్చిండు. దాని మీద రాసి, తారీఖు ఏసి, సంతకం పెట్టింది. ముద్ర లేదు, దీన్ని ఆఫీసుల ఎవ్వలూ పట్టించుకోరని ముందే చెప్పింది.

అండాలుకు సదువు రాదు. కాయిదం పెనిమిటి చేతికిచ్చింది. నరహరి కండ్లద్దాలు పెట్టుకొని, గొంతు సవరించుకొని సదివిండు.

"గోడలకు ఎటువంటి నష్టం కనిపించలేదు."

అండాలు కొంగు నోట్ల కుక్కుకున్నది. కొద్దిసేపటికి తీసి, "మల్లొకసారి సదువు," అన్నది.